పరిగె ఎవరి హక్కు?
కోనసీమలో వరి కోతలయ్యాక పరిగె ఏరుకోవాలంటే రైతు ఒప్పుకోవాలి. యూదుల ధర్మశాస్త్రం ఆ గింజల్ని నేరుగా పేదల పేరనే రాసింది. కోసేటప్పుడు ఒకటి రెండు వెన్నులు జారితే పేదలవి. ఒకేచోట మూడు పడితే రైతువి. మడి చివర కోయకుండా వదిలే భాగాన్ని 'పేయా' అంటారు. అది 60వ వంతుకు తగ్గకూడదు, అంటే మన ఎకరంలో సుమారు 1.67 సెంట్లు.

అసలు పేచీ ఏరుకునే దగ్గరే. ఒకరిని రానిచ్చి ఇంకొకరిని ఆపినా, వాళ్లలో ఒకరికి సాయం పట్టినా, ఆ రైతు పేదల్ని దోచుకున్నట్టేనని యూదుల పాత ధర్మసంకలనం 'మిష్నా' తేల్చేసింది. ఎంత నిక్కచ్చి మాట! యూదులు కాని పేదల్నీ అడ్డుకోకూడదు.

1966 నాటి ఆర్థిక, సామాజిక, సాంస్కృతిక హక్కుల అంతర్జాతీయ ఒడంబడిక 11వ అధికరణం ఆహార హక్కును గుర్తించింది. 1979లో మన దేశమూ చేరింది. అక్కడ పూచీ ప్రభుత్వానిది. పేయాలో మడి యజమానిదే.