హేగ్‌కీ రాజోలుకీ ఏం సంబంధం అన్నారు: నా ఎల్ఎల్ఎం వైవా

మొన్న లా పీజీ వైవా అయింది, పాసయ్యాను. కోపం మాత్రం ఇంకా చల్లారలేదు.

నా డిసర్టేషన్ యుద్ధ నేరాల విచారణ మీద. అలాంటి కేసులకి నెదర్లాండ్స్‌లోని హేగ్‌లో అంతర్జాతీయ క్రిమినల్ కోర్టు ఉంది, అది పుట్టింది రోమ్ ఒప్పందంతో. టాపిక్ ఒప్పుకున్నారు, గైడ్ మేడమ్ సంతకం పెట్టారు, రాజమండ్రిలో బైండింగ్ చేయించాను. ఆఫీసులో కాపీలిచ్చేటప్పుడు మాత్రం రసీదు రాయించుకోకుండా కదలకండి. "మాకు అందలేదే" అనడానికి అక్కడివాళ్లకి క్షణం పట్టదు.

అసలు సంగతి వైవాలో. బయటి నుంచి వచ్చిన ఎగ్జామినర్ "ఏ ఊరమ్మా?" అన్నారు. రాజోలు దగ్గర అన్నాను. "ఇండియా రోమ్ ఒప్పందంలోనే చేరలేదు. కోనసీమలో కూర్చుని హేగ్ కోర్టు గురించి రాస్తే ఎవరికి ఉపయోగం? కొబ్బరి తోటల కౌలు మీద రాసుకోవాల్సింది" అన్నారు. పక్కనున్న ఇద్దరూ నవ్వారు. నా చెవులు వేడెక్కిపోయాయి.

చేరలేదన్నది నిజమే. 1998లో ఓటింగప్పుడు మనవాళ్లు తటస్థంగా ఉండిపోయారు. కానీ యుద్ధంలో ఖైదీల్ని, గాయపడినవాళ్లని, పౌరుల్ని కాపాడే జెనీవా ఒప్పందాల చట్టం మనకి 1960 నుంచే ఉంది. ప్రభుత్వం తరఫున ఫిర్యాదు వస్తే తప్ప కోర్టు ఆ చట్టం కిందికొచ్చే నేరాన్ని విచారణకి తీసుకోకూడదని అందులో 17వ సెక్షన్. అంటే బాధితుడు నేరుగా కోర్టు గడప తొక్కలేడు. నా మూడో అధ్యాయమంతా అదే. ఆయన ఆ పేజీలు తెరవనేలేదు.

అప్పుడు మా మావయ్య పాత పాస్‌పోర్ట్ జిరాక్స్ తీసి బల్ల మీద పెట్టాను. 1990 ఆగస్టులో ఇరాక్ కువైట్‌ని ఆక్రమించినప్పుడు మావయ్య అక్కడ డ్రైవరు. ఎడారి దాటి జోర్డాన్ చేరి, అమ్మాన్‌లో ఎయిరిండియా విమానమెక్కి బొంబాయి వచ్చాడు. ఆ పేజీలో జోర్డాన్ ముద్ర చెమటకి అలుక్కుపోయింది, తేదీ మాత్రం చదవొచ్చు. కువైట్ వదిలి వచ్చేశాడనడానికి మావయ్యకి సాక్ష్యం ఆ ముద్రే. ఐక్యరాజ్యసమితి భద్రతా మండలి 1991లో ఏర్పాటు చేసిన నష్టపరిహార కమిషన్, ఇరాక్ చమురు డబ్బులోంచి అలా వచ్చేసినవాళ్లకి 2,500 డాలర్లు, ఇంకే క్లెయిమూ పెట్టబోమని ఒప్పుకున్నవాళ్లకి 4,000 ఇచ్చింది. 2022లో ఆఖరి చెల్లింపు అయ్యేసరికి అన్ని రకాల క్లెయిములకీ కలిపి ఇచ్చింది మొత్తం 5,240 కోట్ల డాలర్లు. మా వీధిలో రెండిళ్లకి స్లాబు పడింది ఆ డబ్బుతోనే. మీ ఇళ్లల్లో గల్ఫ్ కాగితాలుంటే పారేయనివ్వకండి.

"సార్, డబ్బొచ్చింది. శిక్ష పడలేదు. సద్దామ్‌ని 2006లో ఉరి తీసింది ఇరాక్‌లోనే దుజైల్ అనే ఊళ్లో జరిగిన హత్యల కేసులో, కువైట్ కేసులో కాదు. నేను అడుగుతున్నది ఆ కువైట్ తీర్పు ఏదని" అన్నాను. గొంతు వణికింది గానీ ఆగలేదు.

ఆయన జిరాక్స్ చాలాసేపు చూశారు. "దీన్ని అనుబంధంగా చేర్చి మళ్లీ ఇవ్వు" అన్నారు. సారీ మాత్రం చెప్పలేదు. మావయ్య సరేనన్నాడు, పాస్‌పోర్ట్ నంబరు మాత్రం కనపడకుండా చెరిపేయమన్నాడు. రేపు మళ్లీ బైండింగ్ షాపుకి వెళ్లాలి.