బామ్మ పేరు

ఆదివారం. రాత్రి పదకొండు దాటింది.

పొద్దున్నుంచీ ఒకటే ముసురు. అక్కావాళ్ళు పెళ్ళికి వెళ్తూ బుజ్జిగాణ్ణి మా ఇంట్లో దించేసి పోయారు. బయట ఆడుకునే వీల్లేదు, వాడి గోల పడలేక మధ్యాహ్నం ‘ద విచెస్’ పెట్టాను. 1990 నాటి సినిమా. మంత్రగత్తెలు పిల్లాణ్ణి చిట్టెలుకను చేసేస్తే, వాడి బామ్మ కళ్ళు తుడుచుకుంటూ కూర్చోకుండా వాడితో కలిసి ఎత్తుకు పైఎత్తు వేస్తుంది.

డాక్టరు ఆ బామ్మకి షుగర్ ఉందని చెప్పేసరికి బుజ్జిగాడు ఎగిరి గంతేశాడు. “పిన్నీ, ఈవిడక్కూడా మన అమ్మమ్మలాగే షుగరే!”

అమ్మ చప్పటి టీ తాగుతూ, “మాత్ర వేసుకుందో లేదో కనుక్కోరా” అంది.

బామ్మ మొహం ఎక్కడో చూసినట్టే ఉంది. చివర్లో పేర్లు పడుతుంటే ఆపి చూశాను. మై జెట్టర్లింగ్! ఎప్పుడో కాలేజీ రోజుల్లో చూసిన 1944 నాటి స్వీడిష్ సినిమాలో పొగాకు కొట్టు పిల్ల. అది రాసింది, తర్వాత పెద్ద దర్శకుడైన ఇంగ్మార్ బెర్గ్‌మన్. అప్పటికి ఈవిడకి పంతొమ్మిదేళ్ళు. ఆ కళ్ళు అప్పుడూ ఇంతే, ఎదుటివాణ్ణి తూకం వేస్తున్నట్టు.

తర్వాత ఇంగ్లండు వెళ్ళి చాలా సినిమాలు చేసింది. ఎవరో రాసిన వేషాలు వేసీ వేసీ విసుగొచ్చిందేమో, 1960ల్లో కెమెరా వెనక్కి నడిచింది. ‘నాట్లెక్’ అని నవల రాసి, దాన్నే 1966లో సినిమా తీసింది. బూతుగా ఉందని వెనిస్ సినిమా ఉత్సవంలో దాన్ని మామూలు జనానికి వెయ్యలేదు, జ్యూరీకీ పత్రికలవాళ్ళకీ మాత్రమే చూపించారు. శాన్‌ఫ్రాన్సిస్కో సినిమా ఉత్సవంలో వేస్తామంటే, ఒకప్పటి ఉంగరాల జుట్టు బాలతార షర్లీ టెంపుల్ ఆ ఉత్సవ కమిటీకి రాజీనామా ఇచ్చేసింది. ఇదంతా చదువుతుంటే నవ్వొచ్చింది. రాజీనామా చేసినావిడా బాల్యంలో తారే, సినిమా తీసినావిడా తారే.

1972 మ్యూనిక్ ఒలింపిక్స్ మీద ఎనిమిదిమంది దర్శకులు తలో ముక్కా తీస్తే, అందులో ఆడమనిషి ఈవిడ ఒక్కతే. ఏరి కోరి బరువులెత్తే వస్తాదుల్ని తీసుకుంది!

మన భానుమతి గుర్తొచ్చింది. నటన, దర్శకత్వం, రచన, అన్నీ తనే. ఈడు కూడా ఇంచుమించు ఒకటే. కాకపోతే భానుమతి పేరెత్తితే మా అమ్మ అత్తగారి కథలు మొదలెడుతుంది. జెట్టర్లింగ్ పేరు నేనే పాజ్ నొక్కి చదవాల్సొచ్చింది. ‘ద విచెస్’ వచ్చిన నాలుగేళ్ళకి, 1994లో, లండన్‌లో పోయింది.

ఇందాక మంచినీళ్ళకని వంటింట్లోకి వెళ్తే, రాత్రి అమ్మ పెట్టిన ఎలుకల బోను తలుపు మూసి ఉంది. లోపల ఎలుకా లేదు, పకోడీ ముక్కా లేదు. పకోడీ మాత్రం గట్టు వార, కాగితం మీద జాగ్రత్తగా పెట్టి ఉంది.