సిరొంచలో ఈకలు రాల్చిన డేగ

మే నెల ఎండల్లో సిరొంచకు పనుంటే తప్ప ఎవరూ పోరు. పెద్దమ్మకు మోకాళ్ల నొప్పి ఎక్కువైందని ఫోన్ వస్తే నేను బయల్దేరాను. ఆవకాయ కూడా ఆమె చేత్తోనే కలిపించుకుని తెచ్చుకోవాలని ఆశ. హనుమకొండలో తెల్లవారుజామున బస్సెక్కి పరకాల, భూపాలపల్లి, మహాదేవపూర్ మీదుగా కాళేశ్వరం చేరేసరికి సిమెంటు బల్ల మీద చెయ్యి పెట్టలేనంత వేడి. ఒకే పానవట్టం మీదున్న రెండు లింగాలకు దండం పెట్టుకుని, ఆటోలో గోదావరి వంతెన దాటాను. అవతలి ఒడ్డు మహారాష్ట్ర, గడ్చిరోలి జిల్లా. దుకాణాల బోర్డులు మరాఠీలో ఉంటాయి, లోపల బేరమాడేది మాత్రం తెలుగులోనే.

పెద్దమ్మ ఇంటి వెనక పెద్ద వేపచెట్టు ఉంది. నేను చెప్పులు విడవకముందే ఆమె చిన్న మనవడు చెయ్యి పట్టుకుని లాగాడు.

"కాకా, మన చెట్టు మీద డేగ గూడు పెట్టింది. మొన్న నాయనమ్మ కోడిపిల్లను ఎత్తుకపోయింది."

అది జాలెడేగ. పావురమంత పిట్ట. కొమ్మ చీలికలో పుల్లల గూడు, దాని అంచు దాటి తోక ఒక్కటే కనిపిస్తోంది. సాయంత్రం అది లేచి పక్క కొమ్మ మీద కూర్చుని ఒళ్లు విరుచుకుంది. విప్పిన రెక్క మధ్యలో రెండు వేళ్లు దూరేంత సందు. నా గుండె జారిపోయింది. పిల్లవాడి జేబులో గులేరు ఉందని వచ్చినప్పుడే చూశాను. ఏమీ అడక్కుండానే వాణ్ని తిట్టాను.

"నేను కొట్టలే కాకా" అన్నాడు వాడు. ఆ తర్వాత ఆ రాత్రి నాతో మాట్లాడలేదు.

మర్నాడు పొద్దున బైనాక్యులర్ పెట్టుకుని మంచంలోనే ఎదురుచూశాను. డేగ సరిగ్గా నా తల మీదుగా ఎగిరింది. సందు ఒక రెక్కకే కాదు, రెండో రెక్కకూ ఉంది. అదే చోట, అదే వెడల్పున. గులేరు రాయి ఎంత గురి చూసి కొట్టినా రెండు రెక్కల్లో ఒకే ఈకను లెక్కపెట్టి రాల్చదు. పిట్ట ఈకలు మార్చుకుంటోంది, అంతే. పదేళ్లుగా పిట్టల్ని చూస్తున్నవాణ్ని, చదివిన సంగతే, ఆ క్షణంలో గుర్తు రాలేదు. పిల్లవాడి దగ్గరికి పోయి తప్పు నాదేనని చెప్పాను. వాడు బైనాక్యులర్ అడిగాడు. ఆ రోజంతా అది వాడి మెడలోనే ఉంది.

ఈక ఒకసారి పెరగడం పూర్తయ్యాక దానికి ప్రాణం ఉండదు. మన గోరు లాంటిదే. ఎండకు వెలిసిపోతుంది, కొమ్మలకు రాసుకుని అంచులు చిరుగుతాయి, దాన్ని బాగుచేసుకునే దారి పిట్టకు లేదు. అందుకే డేగలు ఏడాదికొకసారి పాతవి విడిచి కొత్తవి తొడుక్కుంటాయి. పగలు పొడవయ్యే కాలం ఒంట్లోని హార్మోన్లను కదిలిస్తుంది, ఆ పని పిల్లల్ని పెంచే కాలంతో కలిసి సాగుతుంది. అన్నీ ఒకేసారి రాలితే వేట ఉండదు, ప్రాణమూ ఉండదు. రెక్క కొసవైపు పెద్ద ఈకలు పది. డేగలో లోపలి ఈక ముందు రాలుతుంది, అక్కణ్ణుంచి వరసగా కొస దాకా పోతుంది. కొత్తది కొంత పెరిగాకే తర్వాతి వంతు. ఎడమా కుడీ జోడుగా రాలతాయి కాబట్టి ఎగరడంలో తూకం తప్పదు. తోకలో పన్నెండు, వాటిలో సాధారణంగా నడిమి జత ముందు. డేగ చుట్టమేమో అనిపించే సాళువానిది (ఇంగ్లీషులో ఫాల్కన్) వేరే దారి. అది పదింటిలో నాలుగో ఈక దగ్గర మొదలుపెట్టి రెండు వైపులకూ పోతుంది. పెద్ద గద్దలకు, రాబందులకు ఒక్క ఏడాది చాలదు. వాటి రెక్కలో కొత్త ఈక పక్కనే రెండేళ్ల నాటిది కూడా ఉంటుంది.

ఇదంతా చెబుతుంటే పెద్దమ్మ మామిడి ముక్కలు తుడుస్తూ విన్నది.

"కోడి ఈకలు రాల్చే దినాల్ల గుడ్డు పెట్టుడు బంద్ చేస్తది గద బిడ్డా. ఇదేంది, పొదిగేటప్పుడే రాలుస్తాంది?"

చాలా మంచి ప్రశ్న. కోడికి రెండూ ఒకేసారి సాగవు, ఒంట్లో ఉన్న బలం ఈకలకే పోతుంది. డేగ ఆడపిట్ట కూడా గుడ్లు పెట్టడం దాదాపు అయ్యాక, గూట్లో కదలకుండా కూర్చునే రోజుల్లోనే ఈ పని పెట్టుకుంటుంది. ఎగరాల్సిన అవసరం అప్పుడు తక్కువ. ఆహారం తెచ్చేది మగది. అందుకే మగది ఈకలు రాల్చడం ఆలస్యంగా మొదలుపెడుతుంది. మధ్యాహ్నం అది కూడా చూశాం. ఆడదానికంటే చిన్నగా, ఎర్రటి కళ్లతో మగపిట్ట ఒక తొండను పట్టుకొచ్చి దూరపు కొమ్మ మీద వాలి కూసింది. ఆడది పోయి అందుకుంది.

"మొగుడంటే గట్లుండాలె" అంది పెద్దమ్మ.

చెట్టు కింద పిల్లవాడికి ఒక ఈక దొరికింది. అరచేతిలో పెట్టి చూశాం. వెలిసిన బూడిద రంగు, అడ్డంగా ముదురు చారలు. అంచంతా పీచు లేచిపోయి పాత చీపురులా ఉంది. చారలున్న చోట మాత్రం చిరుగు తక్కువ. ముదురు రంగునిచ్చే మెలనిన్ ఈకను గట్టిపరుస్తుంది. కాడ మొదలు ఖాళీ గొట్టం, తెల్లగా, ఎండిపోయి. కొత్త ఈక మొలిచేటప్పుడు ఆ కాడలో నెత్తురు పారుతుంది. పిట్టను అప్పుడు పట్టుకుని మొలిచే ఈక విరిస్తే నెత్తురు కారుతుంది. పెరిగే రోజుల్లో పిట్ట పస్తులుంటే ఈక మీద అడ్డంగా సన్నటి గీత పడుతుంది, అక్కడే అది విరగొచ్చు. మేం చూసిన ఈకలో అలాంటి గీత లేదు. పోయినేడు ఆ పిట్టకు తిండికి కరువు రాలేదని అనుకున్నాను, మనసు తేలికైంది.

వాడు దాన్ని బడి పుస్తకంలో పెట్టుకుంటానన్నాడు. రాలిపోయినదైనా డేగ ఈక ఇంట్లో దాచుకోవడం 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం నేరం. వాడికి ఎంతో బాధగా ఉన్నా, ముందు దాని బొమ్మ గీసుకున్నాడు, చారలు లెక్కపెట్టి మరీ. తర్వాత ఈకను వేప మొదట్లోనే వదిలేశాడు.

మూడో రోజు ఆవకాయ జాడీ ఒళ్లో పెట్టుకుని తిరుగు ప్రయాణం. ఆటో వంతెన ఎక్కుతుంటే వాడు వెనక నుంచి అరిచాడు, ఫోన్ చేస్తానని. జులై ఆఖర్లో చేశాడు.

"పిల్లలు ఎగిరిపోయినై కాకా. వాటి రొమ్ము మీద నిలువు చారలున్నయి. అమ్మది రెక్కల సందు మూసుకపోయింది. ఇప్పుడు తోక నడిమిట్ల రెండు లేవు."