పాటలున్నాయని రాశాడు, పాట మాత్రం రాయలేదు

ఈ నెలంతా రోమన్ చరిత్రకారుడు టాసిటస్‌తోనే గడిచింది. హన్మకొండ నుంచి ములుగు దాకా డ్యూటీకి రోజూ బస్సులోనే పోతాను, కిటికీ పక్కన సీటు దొరికితే పుస్తకం తీయడం అలవాటు. ఆయన క్రీ.శ. 98లో రాసిన ‘జర్మానియా’ చిన్న పుస్తకమే, 46 అధ్యాయాలు, చాలావరకు ఒక్కోటి పేజీ కూడా ఉండదు. రైన్ నదికి అవతల, రోమ్‌కు లొంగకుండా ఉన్న తెగలు ఎలా బతుకుతాయి, ఏం తాగుతాయి, ఎవరికి మొక్కుతాయి అన్నదంతా అందులో ఉంది. ఇంగ్లిష్ అనువాదంలో చదివాను.

40వ అధ్యాయం దగ్గర ఆగిపోయాను. ఉత్తరాన ఏడు తెగలు కలిసి కొలిచే ఒక తల్లి, పేరు నెర్థుస్, అంటే భూమాత అంటాడు. సముద్రంలో ఒక దీవి, అందులో ఎవరూ చెయ్యి వేయని వనం, ఆ వనంలో గుడ్డ కప్పిన బండి. దాన్ని పూజారి ఒక్కడే ముట్టుకోవాలి. తల్లి లోపలికి వచ్చిందని ఆయనకే తెలుస్తుంది, ఆవులు లాగుతున్న బండి వెనక భక్తితో నడుస్తాడు. ఆమె ఏ ఊరికి వస్తే ఆ ఊరికి పండగ. ఆ రోజుల్లో యుద్ధాలుండవు, ఇనుప సామానంతా తాళం వేసి పెడతారు. మనుషుల మధ్య తిరిగింది ఇక చాలు అనిపించాక పూజారి ఆమెను మళ్లీ వనానికి చేరుస్తాడు.

మన వైపు వాళ్లకు ఇంకేం చెప్పాలి? మేడారం సమ్మక్క జాతరే కళ్ల ముందుకొస్తుంది. చిలకలగుట్ట, వెదురు, కుంకుమ భరిణె, వడ్డెలు (పూజారులు), దారికి అటూ ఇటూ జనం, నాలుగో రోజు వనప్రవేశం. రెండింటికీ సంబంధం ఉందని అనడం లేదు, దేశం వేరు, కాలం వేరు. కానీ బస్సు మల్లంపల్లి దాటుతుంటే ఆ పేజీ చదివిన నాకు ఒళ్లు జలదరించింది, రెండు వేల ఏళ్ల కింద ఎక్కడో చలిదేశంలో కూడా తల్లి అడవిలోంచే వచ్చి అడవికే పోయిందా అని.

ఆ తర్వాతి వాక్యమే నన్ను పట్టుకుని వదల్లేదు. బండిని, గుడ్డను, అమ్మవారిని ఒక రహస్యమైన చెరువులో కడుగుతారట, కడిగిన బానిసలను అదే చెరువు మింగేస్తుందట. చూసినవాళ్లెవరూ బతకనప్పుడు ఈయనకు చెప్పిందెవరు? అక్కడికి స్వయంగా వెళ్లి చూశానని పుస్తకంలో ఒక్క మాటా లేదు. ఇలాంటి పుస్తకాల్లో విన్నవి చాలా ఉంటాయి. అంతకు ముందు సీజర్ కూడా గాల్ యుద్ధాల పుస్తకంలో, జర్మన్ అడవుల్లో ఒక రకం దుప్పి కాళ్లకు కీళ్లే ఉండవని, చెట్టుకు ఆనుకుని నిద్రపోతుందని రాశాడు. మేడారం ఎన్నడూ చూడని మనిషి, జాతర బందోబస్తుకు వెళ్లొచ్చినవాళ్లను అడిగి సమ్మక్క గురించి రాస్తే ఎట్లుంటుందో ఊహించుకోండి.

ఇంకోటి కూడా ఉంది, అది కొలత, అన్నీ రోమ్ కొలతతోనే చూడటం. బీరు గురించి చెప్పాల్సి వస్తే టాసిటస్, బార్లీతోనో గోధుమతోనో చేసి పులియబెట్టి ద్రాక్షసారాలా మార్చిన పానీయం అంటాడు. గటక అంటే ఏంటని అడిగితే జొన్నలతో చేసిన ఒక రకం అన్నం అని చెప్పినట్టు. చెప్పింది మరీ తప్పేం కాదు, కానీ పొయ్యి మీద గటక తొక్కిన చెయ్యి అలా చెప్పదు. దేవుళ్ల విషయంలోనూ అంతే, వాళ్లు అందరికంటే ఎక్కువగా మెర్క్యురీకి మొక్కుతారు అని రాసేశాడు, రోమన్ దేవుడి పేరు తెచ్చి పెట్టాడు. వాళ్లు ఏమని పిలిచారో చెప్పలేదు. బాల్టిక్ సముద్రం ఒడ్డున అంబర్ (గట్టిపడిన చెట్టు జిగురు) ఏరుకునే తెగ దగ్గర మాత్రం వాళ్ల మాట ఒకటి మిగిల్చాడు, గ్లేసుమ్. ఏరినదాన్ని అలాగే అమ్ముతారట, ఇచ్చిన ధర చూసి ఆశ్చర్యపోతారట. మన అడవుల్లో సారపప్పు ఏరి అమ్మిన ముసలమ్మలు గుర్తొచ్చారు నాకు.

అలాగని ఆయన వాళ్లను చిన్నచూపు చూశాడని అనలేను. అక్కడ వడ్డీ వ్యాపారం తెలియదని, అక్కడి మంచి నడవడికకు వేరేచోట్ల మంచి చట్టాలకంటే ఎక్కువ బలమని మెచ్చుకుంటాడు. డొమిషియన్ చక్రవర్తి కింద 15 ఏళ్లు నోరు మూసుకుని బతికిన మనిషి, ఆ మెప్పులో సగం రోమ్‌కు తగలాలనే రాసింది అని నాకనిపిస్తుంది.

అదే ఏడు ఆయన తన మామ అగ్రికోలా మీద ఇంకో పుస్తకం రాశాడు. అగ్రికోలా బ్రిటన్‌కు గవర్నర్‌గా చేశాడు, ఉత్తరాన కాలెడోనియన్లతో క్రీ.శ. 83 ప్రాంతంలో పెద్ద యుద్ధం గెలిచాడు. యుద్ధానికి ముందు అవతలి నాయకుడు కాల్గాకస్ తనవాళ్లతో మాట్లాడతాడు. దోచుకోవడం, చంపడం, లాక్కోవడం, వీటికి సామ్రాజ్యమని పేరు పెడతారు, ఊళ్లు ఎడారి చేసి దానికి శాంతి అంటారు. ఈ మాట ఇప్పటికీ లోకమంతా చెప్పుకుంటుంది. కానీ కాల్గాకస్ పేరు ఈ ఒక్క పుస్తకంలో తప్ప ఇంకెక్కడా లేదు, మాటలు టాసిటస్ అల్లినవే. ఓడినవాడి గొంతులో అంత గొప్ప మాట పెట్టాడు, దానికి ఆయనకు దండం పెడతాను. పుస్తకం లెక్క ప్రకారం ఆ రోజు 10,000 మంది అటువైపు, 360 మంది రోమన్లు చనిపోయారు. ఆ 10,000 మంది ఇళ్లలో ఏం ఏడ్చారో, ఏం పాడారో ఒక్క ముక్క మనకు రాలేదు.

నాకు అన్నింటికంటే బాధ కలిగించింది ఆర్మీనియస్ సంగతి. జర్మన్ తెగల నాయకుడు, క్రీ.శ. 9లో ట్యూటోబర్గ్ అడవిలో మూడు రోమన్ లెజియన్లను, అంటే పెద్ద సేనాదళాలను, తుడిచిపెట్టినవాడు. టాసిటస్ ‘అన్నల్స్’లో అతని చావు దగ్గర, ఆ తెగలు ఇప్పటికీ అతని మీద పాటలు పాడుకుంటున్నాయని రాశాడు. జర్మనీవాళ్లకు పాత పాటలే చరిత్ర అని ‘జర్మానియా’ మొదట్లోనే చెప్పాడు. పాటలున్నాయని తెలుసు, అవే చరిత్ర అని తెలుసు, ఒక్క చరణం రాయలేదు. పోనీ, ఆర్మీనియస్ అన్నది రోమన్లు పిలిచిన పేరు. కన్నతల్లి ఏమని పిలిచిందో, ఆ పాటల్లో ఏ పేరు ఉందో ఇవాళ ఎవరికీ తెలియదు. మన సంపెంగవాగులో పడి చనిపోయిన సమ్మక్క కొడుకు పేరు మాత్రం వాగుకే పెట్టి, జంపన్నవాగు అని బస్సు కండక్టర్ కూడా పిలుస్తాడు.

మన దగ్గర పాడేవాళ్లు ఇంకా ఉన్నారు. మణుగూరు వైపు కంచుమేళం, డోలి (డోలు వాయిస్తూ కోయల కథలు పాడే కళ) కళాకారుడు సకిని రామచంద్రయ్య గారికి 2022లో పద్మశ్రీ వచ్చింది, 2024లో ఆయన పోయారు. తాడ్వాయి దగ్గర ఒక ఊళ్లో నాకు తెలిసిన తాత ఒకరున్నారు, కోయ డోలి పాడతారు. నిరుడు మొదటిసారి పడిగె విప్పి చూపించారు. పొడుగాటి గుడ్డ, కొసకు వచ్చేసరికి సన్నబడుతుంది, మడతల దగ్గర చిరిగినచోట నీలం దారంతో కుట్టారు. బొటనవేలు ఒక్కో బొమ్మ మీద పెడుతూ కోయలో పాడి, ఆగి, తెలుగులో నాకు చెప్పారు. రాసుకోవచ్చా తాతా అని అడిగితే, “రాసుకో బిడ్డా. రాసినంక మళ్ల ఈడికొచ్చి నాకు చదివి వినిపియ్యాలె. తప్పుంటే చెప్త” అన్నారు.

జోడేఘాట్‌లో 1940లో కొమురం భీం చనిపోయాక నిజాం సర్కారు హైమన్‌డార్ఫ్ అనే మానవశాస్త్రవేత్తతో గోండుల గురించి అధ్యయనం చేయించింది. ఆయనైతే మార్లవాయిలో వాళ్ల మధ్యనే ఉన్నాడు. టాసిటస్ అలా వాళ్ల మధ్య ఉన్నట్టు పుస్తకంలో ఎక్కడా చెప్పలేదు.

పోయిన ఆదివారం నోటుబుక్కు పట్టుకుని తాత దగ్గరికి వెళ్లాను. కళ్లు మూసుకుని విన్నారు. నాలుగో పేజీలో ఆపేశారు. “మనిషి పేరు ఉత్తగ చెప్పొద్దు బిడ్డా. ముందుగాల గట్టు చెప్పాలె, ఇంటిపేరు చెప్పాలె, గప్పుడు పేరు.” గట్టు అంటే కోయల్లో గోత్రం లాంటిది. నేను పేర్లు మాత్రమే రాసుకున్నాను, మిగతావి పాటలో సాగదీతలు అనుకుని వదిలేశాను. నాలుగో పేజీ నుంచి మళ్లీ రాస్తున్నాను. ఇప్పపువ్వు రాలే రోజులు వస్తున్నాయి, పొద్దుగాల అడవికి పోతా, పొద్దుగూకినంక రా అన్నారు.