చామనచాయ చామనచాయగానే

కృష్ణానగర్‌లో ఆరేళ్లు అసిస్టెంట్‌గా తిరిగాక, డీఓపీగా, అంటే కెమెరామన్‌గా, నాకు దొరికిన మొదటి ఫీచర్ ఇది. పెద్ద బ్యానర్ కాదు. గౌలిగూడలో ఓ పాత ఇల్లు, 18 రోజులు, తొమ్మిది మందిమి. అమ్మ పాత్ర వేసే ఆవిడకి మేకప్ వద్దని డైరెక్టర్ ముందే చెప్పాడు. ఆవిడది చామనచాయ. తెర మీదా అలాగే కనపడాలి. నేను ఈ సినిమా ఒప్పుకున్నదే ఆ మాట కోసం.

మొదటి రోజే దెబ్బ తగిలింది. వంటగదిలో పాత ట్యూబ్‌లైట్ వెలుగులోనే తీశాం. సెట్‌లో చిన్న మానిటర్ మీద బాగానే ఉంది. రాత్రి లాప్‌టాప్‌లో చూస్తే గోడ మీద నల్లటి చారలు మెల్లగా పాకుతున్నాయి. మన కరెంటు 50 హెర్ట్జ్. అలాంటి ట్యూబ్‌లైట్ సెకనుకు 100 సార్లు మినుకుతుంది. సెకనుకు 24 ఫ్రేములకి కెమెరా షట్టర్ 180 డిగ్రీలు పెడితే ఒక్కో ఫ్రేము మీద వెలుగు పడేది సెకనులో 48వ వంతు, మినుకులతో లెక్క కుదరదు. 172.8 డిగ్రీలు పెడితే సరిగ్గా 50వ వంతు, ప్రతి ఫ్రేముకీ రెండు మినుకులు. టెన్షన్‌తో నిద్ర పట్టలేదు. పొద్దున్నే డైరెక్టర్‌కి ఉన్నదున్నట్టు చెప్పాను. "మళ్లీ తీద్దాం" అన్నాడు, అంతే. సగం రోజు పోయింది.

ముఖాలకి ఏ లైటు వాడాలన్నది మాత్రం సత్యజిత్ రే సినిమాల కెమెరామన్ సుబ్రత మిత్ర పని చూసి నేర్చుకున్నదే. 1956లో వచ్చిన రే సినిమా 'అపరాజితో'లో కాశీ ఇంటి సెట్‌కి పైన ఆయన తెల్లబట్ట కట్టించి, కింది నుంచి లైట్లు దాని మీదకి కొట్టించారు. మేమూ బేగంబజార్ నుంచి తెల్ల కాటన్ బట్ట తెచ్చి వాకిట్లో కట్టాం. ముదురు రంగు ముఖానికి ఆకారం తెచ్చేది ఎక్కువగా మెరుపే, దానికి వెడల్పాటి మెత్తటి వెలుగు కావాలి. లైట్‌మేన్ అన్న కాసేపు చూసి, "సార్, బట్ట జర కిందికి దించుదమా? అమ్మ కండ్లల్ల మెరుపొస్తది" అన్నాడు. దించాం. ఆవిడ చాటలో బియ్యం ఏరుతోంది. బియ్యం మీద పడ్డ వెలుగు ఎగిరి గడ్డం కిందికి చేరింది. చెంప ఎముక మీద సన్నటి గీతలా మెరుపు నిలిచింది.

షూటింగ్ అయిపోయింది, డీఐకి, అంటే రంగులు సరిదిద్దే పనికి, వచ్చాం. కలరిస్ట్ అలవాటు కొద్దీ ఆవిడ ముఖం చుట్టూ విండో గీసి, అంత మేరకే వెలుగు పెంచాడు. క్షణంలో ఆవిడ వేరే ఇంటి మనిషి అయిపోయింది. "అందరూ ఇట్లనే అడుగుతరన్నా" అన్నాడు. ఆ విండో తీయించి, లాగ్ ఫుటేజ్ నుంచి, అంటే కెమెరా ఇచ్చిన రంగులు దిద్దని చప్పటి బొమ్మ నుంచి, మళ్లీ మొదలుపెట్టాం. ముందు ముఖం, తర్వాతే గోడలు, చీరలు.

మూడో రోజు సాయంత్రం చాట షాట్ వచ్చింది. కలరిస్ట్ చెయ్యి ట్రాక్‌బాల్ మీద ఆపి నా వైపు చూశాడు.

"ముట్టుకోకు తమ్ముడూ" అన్నాను. తర్వాతి షాట్‌కి వెళ్లాం.