నాన్న అడగని మాట

కళ్లె పరీక్ష, ఎక్స్‌రే, క్షయ రోగుల సర్కారు జాబితా నిక్షయ్‌లో పేరు ఎక్కించడం అన్నీ చకచకా అయిపోయాయి. మనసులో ముల్లులా ఉండిపోయింది డ్యూటీ డాక్టరు మాటే. నా వైపు చూడకుండా నాన్ననడిగాడు: "కుర్రాడికి అలవాట్లేమన్నా ఉన్నాయా?" నాన్న తల దించుకున్నారు. క్షయ గాలిలో వచ్చే జబ్బు. రోగి దగ్గు తుంపరలతో ఎవరికైనా అంటుకుంటుంది. ఆ ముక్క చెప్పాల్సిన మనిషే అలా అడిగితే ఒళ్లు మండదా? ఆ కోపం ఇంకా చల్లారలేదు. నాన్న ఎదురు చెప్పలేదన్న కోపం మాత్రం ఒక్క రాత్రితో పోయింది.

మందులు మొదలుపెట్టిన కొత్త. అర్ధరాత్రి దగ్గుతో రక్తం పడింది. చారలు కాదు, గుక్కెడు ఎర్రటి రక్తం. అమ్మ ఏడుపు అందుకుంది. నాన్న ఏమీ మాట్లాడకుండా నన్ను కుడిపక్కకు ఒత్తిగిలించి పడుకోబెట్టారు. నాకు జబ్బు కుడి ఊపిరితిత్తిలో. ఆ వైపు కిందికి ఉంటే రక్తం బాగున్న ఊపిరితిత్తిలోకి దిగదు. ఈ సంగతి ఆయన ఎప్పుడు, ఎవరినడిగి తెలుసుకున్నారో! 108 వచ్చేదాకా నా వీపు మీద చెయ్యి తియ్యలేదు. ఆ చెయ్యి వణుకుతూనే ఉంది. ఇలా రక్తం పడితే తెల్లారేదాకా ఆగొద్దు.

బరువు 35 నుంచి 49 కిలోలైతే రోజుకు 3 బిళ్లలు, 50 నుంచి 64 అయితే 4. మొదటి 2 నెలలు ఒక్కో బిళ్లలో నాలుగు మందులు కలిపి ఉంటాయి, తర్వాతి 4 నెలలు వాటిలో పైరజినమైడ్ తీసేసి మూడు. నాన్న పరగడుపునే బిళ్లలు తెచ్చి, మింగేదాకా కదిలేవారు కాదు. "ఎలా ఉందిరా" అని ఏనాడూ అడగలేదు. నా కళ్లలోకి మాత్రం చూసేవారు, పచ్చబడుతున్నాయేమోనని. మూత్రం ఎర్రగా రావడం ఆ మందుల్లో ఒకటైన రిఫాంపిసిన్ వల్ల, భయం లేదు. ఆగని వాంతులు, పచ్చకళ్లు, చూపు మసకబారడం కనిపిస్తే అదే రోజు డాక్టరు దగ్గరికి వెళ్లాలి. అరికాళ్లు తిమ్మిరెక్కితే ఐసోనయాజిడ్ అనే ఇంకో మందు ప్రభావం కావచ్చు, బి6 విటమిన్ బిళ్ల ఇస్తారు. దగ్గు తగ్గి ఆకలి పుట్టగానే చాలామంది మందులు మానేస్తారు. క్రిములు మందులకు లొంగకుండా మొండికెత్తేది అప్పుడే.

గండం గడిచింది వెంకన్న దయ అంటుంది అమ్మ. కాదనను. నాన్న మాత్రం తన ఎక్స్‌రే సంగతెత్తితే "నాకేంరా" అని దాటేశారు. పట్టుబట్టి నేనే తీసుకెళ్లాను. జబ్బు లేదని తేలాక, ముందుజాగ్రత్తగా వారానికోసారి 12 వారాలు వేసుకునే మందు రాశారు. రోగితో పాటు ఒకే ఇంట్లో ఉంటున్న అందరికీ ఈ పరీక్ష చెయ్యాలి. ఆసుపత్రి వాళ్లు చెప్పకపోతే మీరే అడగండి.