వో-ల-వికోంత్: మేడ మెట్ల మీద నుంచి కనిపించని కాలువ

పారిస్‌కు ఆగ్నేయంగా 55 కిలోమీటర్ల దూరంలో, మెలన్ ఊరి పక్కన వో-ల-వికోంత్ అనే పదిహేడో శతాబ్దపు భవంతి ఉంది. దాని గురించి రాసేవాళ్లంతా ఒకే కథ ఎత్తుకుంటారు. 1661 ఆగస్టు 17న ఆర్థిక వ్యవహారాలు చూసే నికొలా ఫూకే ఇక్కడ ఫ్రాన్స్ రాజు పద్నాలుగో లూయీకి విందు ఇచ్చాడు, ఆ వైభవం రాజుకు కన్నుకుట్టింది, మూడు వారాలు తిరక్కుండానే ఫూకే నాంత్‌ నగరంలో ఖైదయ్యాడు. విందు, అరెస్టు జరిగింది నిజమే. అయితే అతన్ని దించాలని రాజు విందుకు ముందే నిశ్చయించుకున్నాడు, కాబట్టి పాపమంతా తోట మీద వేయడం అన్యాయం. ఆ తోటను మాత్రం నిదానంగా చూసేవాళ్లు తక్కువ.

ముందు భవంతి. కట్టింది లూయీ ల వో, లోపలి అలంకరణ షార్ల్ ల బ్రన్, తోట ఆంద్రే ల నోత్ర్. ఈ ముగ్గురినీ రాజు తర్వాత తన వెర్సాయి మహల్ పనికి తీసుకుపోయాడు. భవంతి చుట్టూ నీటి కందకం. ఉత్తరపు వాకిట్లో నిలబడితే చూపు ముందు గదిని, గుమ్మటం కింది అండాకారపు హాలును దాటి నేరుగా తోటలోకి పోతుంది. ఆ హాలే తోటవైపు గుండ్రంగా ముందుకు పొడుచుకొచ్చి ఉంటుంది. గుమ్మటం లోపల ల బ్రన్ వేయాలనుకున్న సూర్యమందిరం బొమ్మ వేయనేలేదు, యజమాని జైలుపాలయ్యాడు కదా.

ఇక అసలు పనితనం. దూరం పెరిగేకొద్దీ వస్తువు వెడల్పు అదే నిష్పత్తిలో తగ్గి కనిపిస్తుంది. కానీ నేల మీద పరుచుకున్న కొలను పొడవు అంతకంటే వేగంగా, దూరపు వర్గానికి తగ్గట్టు కుదించుకుపోతుంది. నీటిమట్టానికి 5 మీటర్ల ఎత్తున నిలబడి చూస్తున్నారనుకోండి. 100 మీటర్ల దూరంలో 10 మీటర్ల పొడవున్న కొలను ఎంత కనిపిస్తుందో, 200 మీటర్ల దూరంలో అంతే కనిపించాలంటే పొడవు సుమారు 40 మీటర్లు ఉండాలి, వెడల్పు రెట్టింపైతే చాలు. ల నోత్ర్ దూరపు కొలనులను అందుకే భారీగా తవ్వించాడు. భవంతి మెట్ల మీద నుంచి దగ్గరి గుండ్రటి కొలనూ దూరపు చతురస్రపు కొలనూ ఇంచుమించు ఒకే సైజులో ఉన్నట్టుంటాయి. నడిచి దగ్గరికి వెళ్తే రెండోది సుమారు 4,000 చదరపు మీటర్ల చెరువు!

దాని అవతలి గట్టు నుంచి వెనక్కి తిరిగి చూడండి, భవంతి నీళ్లలో కనిపిస్తుంది. లెక్క కోసం భవంతి 500 మీటర్ల దూరంలో ఉందని, గుమ్మటం కొన నీటికి 35 మీటర్ల ఎత్తున ఉందని అనుకుందాం. మీ కన్ను 1.6 మీటర్ల ఎత్తులో ఉంటే కొన ప్రతిబింబం మీకు 22 మీటర్ల దూరంలో పడుతుంది. 10 మీటర్ల ఎత్తులో ఉన్న కిటికీది దాదాపు 69 మీటర్ల దూరంలో పడాలి. కొలను భుజమే 63 మీటర్లు కాబట్టి కింది భాగం తెగిపోతుంది. గొంతుక్కూర్చోండి, కన్ను 0.8 మీటర్లకు దిగగానే దూరాలన్నీ సగమై కిటికీ కూడా నీళ్లలోకి వచ్చేస్తుంది. గాలి లేని ఉదయం వెళ్లాలి. నీటిమట్టం తగ్గితే ఎదుటి గోడ నల్లటి పట్టీలా బయటపడి బొమ్మను కోసేస్తుంది.

మెట్ల మీద నుంచి చూస్తే చతురస్రపు కొలను వెనకే రాతి గుహలు ఆనుకుని ఉన్నట్టు కనిపిస్తాయి. అక్కడిదాకా వెళ్లాక నేల ఒక్కసారిగా దిగిపోతుంది. మధ్యలో, అంకాయ్ వాగు నీటిని మళ్లించి తవ్విన కాలువ దాదాపు కిలోమీటరు పొడవున అడ్డంగా ఉంటుంది. నడుమ వంతెన లేదు, చివరి నుంచి చుట్టి రావాలి. జలపాతాలున్న గోడ కూడా ఇటువైపే, మీ కాళ్ల కింద ఉంటుంది. అది కనిపించాలంటే అవతలికి వెళ్లి తిరిగి చూడాలి. చుట్టి వెళ్లడానికి బద్ధకించినవాళ్లు సగం తోటే చూసినట్టు. ఆ పైన దూరాన ఉన్న హెర్క్యులిస్ విగ్రహం పాతది కాదు. 1875లో భవంతిని కొని నిలబెట్టిన అల్‌ఫ్రెద్ సొమియే కాలంలో పెట్టింది.

భవంతి ముందరి ముగ్గుల మడుల సంగతి వేరు. ఆ నమూనా 1920లలో తోటల రూపశిల్పి అషీల్ ద్యుషేన్ వేసింది, బాక్స్‌వుడ్ అనే చిన్నాకుల పొద మొక్కను కత్తిరించి చేసిన పొట్టి కంచెలతో. ఈ మొక్కను తినే, తూర్పు ఆసియా నుంచి వచ్చిన ఒక రెక్కల పురుగు 2007లో జర్మనీలో కనబడి యూరప్ అంతా పాకింది. దాని గొంగళిపురుగు పొద లోపలి ఆకుల నుంచి తినడం మొదలుపెడుతుంది, మొక్క పైకి పచ్చగానే ఉంటుంది. తెల్లటి దారాలు కనబడేసరికి బెరడు కూడా కొరికేసి ఉంటుంది. బీటీ అనే బాక్టీరియా మందు పనిచేస్తుంది గానీ, పురుగు చిన్నగా ఉన్నప్పుడే, అదీ ఆకులతో పాటు తింటేనే. ఎండకు కొద్ది రోజుల్లో శక్తి పోతుంది. నున్నగా కత్తిరించిన కంచెలోకి పిచికారీ దిగడం ఇంకో కష్టం. గాలి ఆడని ఆ ఒత్తు కంచె బూజు తెగులుకూ అనువే. తడిమీద కత్తిరిస్తే, కత్తెర శుభ్రం చేయకుండా మొక్క నుంచి మొక్కకు పోతే, అది ఇంకా వ్యాపిస్తుంది.

చివరికి ఇక్కడి బాక్స్‌వుడ్‌ను పీకేసి, 2019లో పాట్రిక్ ఉర్కాద్ రూపకల్పనలో అల్యూమినియం పట్టీలు పరిచారు. ప్రత్యామ్నాయంగా చాలా తోటల్లో నాటే జపాన్ హోలీ అనే పొద సున్నపు నేలలో పసుపుబారుతుంది, కాబట్టి ఎవరైనా దాన్ని నాటేముందు మట్టి పరీక్ష చేయించాలి.